బండి మీద ముగ్గురున్నారని పరిహారంలో కోత పెట్టొచ్చా?

చర్చకు పెట్టిన ప్రశ్న
ఇలాంటి కేసు ఒకటి అనుకుందాం. బైక్ మీద ముగ్గురు వెళ్తుంటే వెనక నుంచి లారీ గుద్దింది. చివర కూర్చున్న తాపీ మేస్త్రీ, 32 ఏళ్లవాడు, అక్కడికక్కడే చనిపోయాడు. హెల్మెట్ లేదు. భార్య, ఇద్దరు పిల్లలు, తల్లి మోటారు వాహనాల చట్టం 166 సెక్షన్ కింద ప్రమాద పరిహారం తేల్చే ట్రిబ్యునల్‌లో క్లెయిమ్ (ఎంవీవోపీ) వేశారు. త్రిబుల్ రైడింగ్ కాబట్టి 20 శాతం తగ్గించాలని బీమా కంపెనీ కౌంటర్ వేసింది. ఇది నిలబడుతుందా?

ఎంవీవోపీ వకీలు
నిలబడదు. ముగ్గురెక్కడం 128 సెక్షన్‌కు విరుద్ధమే, చలానా కట్టాల్సిందే. కానీ చట్టం మీరడం వేరు, ప్రమాదానికి కారణం కావడం వేరు. 2020లో మహమ్మద్ సిద్దిఖ్ కేసులో సుప్రీంకోర్టు తేల్చింది సరిగ్గా ఇదే. వెనక నుంచి వచ్చి గుద్దిన లారీకి, ముందు బండి మీద ఇద్దరున్నారా ముగ్గురున్నారా అన్నదాంతో పనేముంది?

బీమా ప్యానెల్
సార్, ఆ తీర్పు మీరు సగమే చెప్తున్నారు. ఉల్లంఘనకీ ప్రమాదానికీ, లేదా ఉల్లంఘనకీ దెబ్బ తీవ్రతకీ సంబంధం రుజువైతే తగ్గించొచ్చని అందులోనే ఉంది. మూడోవాడికి కాలు ఆనడానికి ఫుట్‌రెస్ట్ ఉండదు, పట్టుకోవడానికి ఆసరా ఉండదు. పోస్ట్‌మార్టంలో తల గాయమే మరణ కారణమని ఉంటే హెల్మెట్ సంగతి అడగకూడదా?

ఎంవీవోపీ వకీలు
అడగండి, కానీ రుజువు భారం మీదే. లారీ డ్రైవర్‌ని బోనెక్కించరు, పోస్ట్‌మార్టం చేసిన డాక్టర్‌ని పిలవరు, వాదనల రోజున మాత్రం రఫ్ స్కెచ్ (ప్రమాద స్థలానికి పోలీసులు గీసిన పటం) చూపించి 20 శాతం అంటారు. వేరే సాక్ష్యం లేకుండా స్కెచ్‌లో బండ్లు పడివున్న తీరు ఒక్కటే చాలదని 2013లో జిజు కురువిల కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. ఇంకోటి, ఇక్కడ పోయినవాడు బండి నడపలేదు. నడిపినవాడి తప్పు కొంత ఉందని తేలినా వెనక కూర్చున్నవాడి కుటుంబానికి కోత పడదు. మొత్తం లారీ బీమా నుంచే రాబట్టుకోవచ్చు (2015, ఖెన్యీ కేసు). బైక్ వైపు వాటా వసూలు చేసుకోవడం మీ పని.

ట్రిబ్యునల్ బార్
క్లెయిమ్ వేసేవాళ్ల వైపు కూడా పొరపాట్లున్నాయండి. చాలా కేసుల్లో సాక్షి భార్య ఒక్కతే. ఆవిడ ప్రమాదం చూడలేదు, క్రాస్ ఎగ్జామినేషన్‌లో మొదటి ప్రశ్నకే అది బయటపడుతుంది. క్రిమినల్ కేసులోలా అనుమానానికి తావులేని రుజువు ఇక్కడ అక్కర్లేదు, ఏది ఎక్కువ సంభవమో చూస్తే చాలని 2009లోనే బిమ్లా దేవి కేసులో చెప్పారు. అయినా చార్జిషీటులో ఉన్న కంటిసాక్షిని పిలిపించాలి. ఎంవీఐ (మోటారు వాహనాల ఇన్‌స్పెక్టర్) రిపోర్టు తప్పకుండా సాక్ష్యంగా మార్క్ చేయించాలి. బైక్ వెనక మడ్‌గార్డు లోపలికి నొక్కుకుపోయి, లారీ ముందు బంపర్ ఎడమ మూల వంగి ఉందని అందులో ఉంటే ఎవరు ఎవరిని గుద్దారో వేరే చెప్పక్కర్లేదు.

అసలు 20 శాతం మీద ఇంత పోట్లాడి ఆదాయం దగ్గర చేతులెత్తేస్తున్నారు. నెలకు 18,000 అని రుజువైతే, సొంత పని, 40 లోపు వయసు కాబట్టి మున్ముందు పెరిగే ఆదాయం కింద 40 శాతం కలపాలి: 25,200. ఆధారపడినవాళ్లు నలుగురు, సొంత ఖర్చు నాలుగోవంతు తీస్తే 18,900. దాన్ని 12తో, 32 ఏళ్లకు వర్తించే మల్టిప్లయర్ (వయసును బట్టి ఎన్నేళ్ల ఆదాయం లెక్కించాలో చెప్పే అంకె) 16తో గుణిస్తే 36,28,800. సుప్రీంకోర్టు ప్రణయ్ సేఠీ తీర్పులోని స్థిర మొత్తాలు మూడేళ్లకోసారి 10 శాతం చొప్పున పెరిగి, 2023 తర్వాత కన్సార్షియం (అయినవాళ్ల తోడు కోల్పోయినందుకు) నలుగురికీ తలా 48,400, ఎస్టేట్ (ఆస్తి నష్టం), అంత్యక్రియలకు చెరో 18,150 అయ్యాయి. అన్నీ కలిపి 38,58,700. ఇందులో 20 శాతం కోత అంటే 7,71,740.

అదే ఆదాయానికి కాగితం లేక ట్రిబ్యునల్ 12,000 అనుకుంటే ఒక్క దెబ్బకు 12,09,600 పోతాయి. భవన నిర్మాణ కార్మికుడి గుర్తింపు కార్డు, బ్యాంకు పాస్‌బుక్, పని ఇచ్చిన కాంట్రాక్టర్ సాక్ష్యం ముందే సిద్ధం చేసుకోవాలి.

బీమా ప్యానెల్
లెక్క ఒప్పుకుంటాను. ఛాతీ, కటి ఎముకలు నలిగి పోయినవాడి కేసులో హెల్మెట్ మాటెత్తను. తలకే దెబ్బ తగిలి, హెల్మెట్ ఉంటే బతికేవాడని డాక్టర్ చెబితే మాత్రం 10 శాతం అడుగుతాను. త్రిబుల్ రైడింగ్ పేరుతో గంపగుత్తగా 20 అడగడం సరికాదు.

ఎంవీవోపీ వకీలు
ఆ డాక్టర్‌ని పిలవండి, క్రాస్ చేస్తాను. నా మొదటి ప్రశ్న ఇదీ: కిందపడి తల రోడ్డుకి తగిలిందా, లారీ చక్రం తల మీదుగా పోయిందా? చక్రమే ఎక్కితే ఏ హెల్మెట్ ఆపుతుంది సార్?