ర్యాంకు అడిగేది దేనికి? విశ్వవిద్యాలయాల్లో మన అనుభవాలు

ఏటిగట్టు:
నేను దళిత కుటుంబం నుంచి ఇంజనీరింగ్‌కు వచ్చినవాణ్ణి. హాస్టల్ గదిలో పెట్టె కింద పెట్టకముందే ఎదురైన ప్రశ్న ‘ఎంసెట్‌లో ఎంత ర్యాంకు?’ అన్నది. అంకె చెప్పగానే ఎదుటివాడు ఒక్క క్షణం ఆగి, ‘ఓహో, అలాగా’ అన్నాడు. తిట్టలేదు, వెక్కిరించలేదు, కానీ ఆ వారం నుంచే ల్యాబ్ రికార్డులు పంచుకునే గుంపులో నాకు చోటు లేకుండా పోయింది. దీని మీద ఫిర్యాదు చేయాలంటే ఏమని రాయాలి?

మన్యంపిల్ల:
మేము కోయలం. నన్ను ర్యాంకు అడగలేదు, ‘తెలుగు భలే మాట్లాడతావే’ అని మెచ్చుకున్నారు. అమ్మ పంపిన వెదురుకొమ్ముల పచ్చడి సీసా మూత తీసినప్పుడల్లా నా గదిలోని అమ్మాయి మాట మాట్లాడకుండా లేచి కిటికీ తెరిచేది. సంక్రాంతి సెలవులనాటికి నేను మెట్ల మీద కూర్చుని తినడం అలవాటు చేసుకున్నాను.

పాతబెంచీ:
మా దగ్గర ఇంటిపేరుతో మొదలుపెట్టి, అది తేలకపోతే ఊరు, ఊళ్లో ఎటువైపు అని ఆరా తీసి, చివరకు ‘మనవాళ్లేనా?’ దగ్గర ఆగేవారు. ఉపకారవేతనాల జాబితాను గుమాస్తా తరగతిలోనే కులాలతో సహా చదివేవాడు. తరగతిలో విద్యార్థుల కులాలను ప్రకటించకూడదని, విశ్వవిద్యాలయాలను పర్యవేక్షించే యూజీసీ 2012 నిబంధనల్లోనే ఉందని నాకు చదువు పూర్తయ్యాక తెలిసింది.

తటస్థుడు:
ర్యాంకు అడగడం కుతూహలమే కదా? నేనూ చాలామందిని అడిగాను.

పాతబెంచీ:
కుతూహలమే కావచ్చు. అయితే జేఈఈ ర్యాంకు గానీ, పీజీ ప్రవేశానికి రాసే గేట్ స్కోరు గానీ అడగడం ద్వారా కులం ఆరా తీయడం తగదని ఐఐటీ బొంబాయి 2023లో విద్యార్థులకు మార్గదర్శకాలు ఇవ్వవలసి వచ్చింది. ఆ కుతూహలం ఎక్కడికి దారితీస్తుందో వారికి తెలియకనా?

ఏటిగట్టు:
నా తప్పు కూడా ఒకటి చెప్పాలి. రెండో ఏడాది నుంచి, ఎవరూ అడగకపోయినా ‘నా మార్కులకు ఓపెన్‌లోనే సీటు వచ్చేది’ అని చెప్పుకోవడం మొదలుపెట్టాను. రిజర్వేషన్‌తో వచ్చినవాళ్లు తక్కువవాళ్లన్న మాటను నా నోటితో నేనే ఒప్పుకుంటున్నానని గ్రహించడానికి చాలా కాలం పట్టింది. ఈ ఏడు తమ్ముడు చేరుతున్నాడు. ర్యాంకు అడిగితే ఏం చెప్పమంటారు?

మన్యంపిల్ల:
‘ముందు నీది చెప్పు’ అనమనండి. పీజీలో నేను అదే చేశాను. సగం మంది అక్కడే మాట మార్చేశారు.