స్టేషన్లో ఫిర్యాదు తీసుకోలేదు, నేరుగా హైకోర్టుకు వెళ్లొచ్చా?

ప్రశ్న:
ఫోర్జరీ సంతకంతో మా నాన్నగారి ప్లాటును వేరొకరి పేరిట రిజిస్టర్ చేశారు. స్టేషన్లో "ఇది సివిల్ మ్యాటర్, కోర్టుకెళ్లండి" అన్నారు. 20 రోజులైంది. హైకోర్టులో రిట్ పిటిషన్ వేస్తే వెంటనే కేసు కడతారంటున్నారు, నిజమేనా?

జవాబు 1:
రిట్ ఇప్పుడే వద్దండి. కేసు కట్టకపోతే ముందు ఎస్పీ, తర్వాత మేజిస్ట్రేటు అని సకిరి వాసు కేసులో (2008) సుప్రీంకోర్టు చెప్పింది. హైకోర్టు మిమ్మల్ని అక్కడికే తిప్పి పంపే అవకాశం ఎక్కువ. 2024 జూలై 1 నుంచి దారి సీఆర్‌పీసీ బదులు వచ్చిన చట్టమైన బీఎన్‌ఎస్‌ఎస్‌లో ఉంది: స్టేషన్లో సెక్షన్ 173(1), ఎస్పీకి 173(4), మేజిస్ట్రేటు దగ్గర 175(3).

స్టేషన్లో నోటితో చెప్పారా, రాసిచ్చారా? రెండో కాపీ మీద స్టేషన్ ముద్ర, తేదీ పడకపోతే ఇచ్చినట్టు రుజువు లేదు. తీసుకోకపోతే అదే ఫిర్యాదు ఎస్‌హెచ్‌ఓ (స్టేషన్ ఇన్‌చార్జి) పేరున స్పీడ్ పోస్టులో పంపి రసీదు, ట్రాకింగ్ ప్రింటు దాచండి. తర్వాత ఎస్పీకి, కమిషనరేట్ అయితే డీసీపీకి. చట్టంలో "పోస్టు ద్వారా" అనే ఉంది కాబట్టి చేతికిచ్చినా పోస్టు కూడా చేయండి. కలెక్టరేట్ ప్రజావాణిలో ఇచ్చిన అర్జీ దీనికి లెక్కకు రాదు.

జవాబు 2:
ఫిర్యాదులో "ఫోర్జరీ చేశారు" అని ఊరికే రాయకండి. ఒట్టి ఫోర్జరీ, అంటే ఐపీసీ బదులు వచ్చిన బీఎన్‌ఎస్ 336(2), నాన్ కాగ్నిజబుల్. మేజిస్ట్రేటు ఆర్డరు లేకుండా పోలీసులు దర్యాప్తు చేయలేరు. మోసం కోసం చేసిన ఫోర్జరీ 336(3), దొంగ పత్రాన్ని అసలుదిగా వాడటం 340(2); ఇవి కాగ్నిజబుల్, అంటే ఆ ఆర్డరు లేకుండానే పోలీసులు కేసు కట్టొచ్చు. ఎవరు, ఏ తేదీన, ఏ సబ్‌రిజిస్ట్రార్ ఆఫీసులో, డాక్యుమెంట్ నంబరుతో సహా రాయండి. రిజిస్ట్రేషన్ 2024 జూలై 1కి ముందు జరిగుంటే నేరానికి ఐపీసీ 468, 471.

ఆ దస్తావేజు సర్టిఫైడ్ కాపీ, ఈసీ (ఆస్తి మీద జరిగిన రిజిస్ట్రేషన్ల వివరాల పత్రం) ముందే తీసుకోండి. కాపీలో అమ్మినవారి ఫోటో, వేలిముద్ర ఉండే పేజీ చూడండి. అక్కడ వేరే మనిషి ఫోటో ఉంటే "సివిల్ గొడవ" అనే మాట నిలబడదు. ఒరిజినల్స్ మాత్రం ఎవరి చేతిలోనూ పెట్టకండి.

ప్రశ్న వేసినవారు:
థాంక్సండీ. ఎస్పీకి పంపాక ఎన్నాళ్లు ఆగాలి?

జవాబు 1:
చట్టం గడువు పెట్టలేదు. ఎస్పీకి అందిన తేదీ నుంచి రెండు వారాలు చూసి, ఆ స్టేషన్ పరిధిలోని మేజిస్ట్రేటు దగ్గర పిటిషన్ వేయండి. పిటిషన్ కొట్టేసే ప్రమాదం అఫిడవిట్ (ప్రమాణ పత్రం) దగ్గర ఉంది. ప్రియాంక శ్రీవాస్తవ తీర్పు (2015) నుంచి అది తప్పనిసరి, ఇప్పుడు 175(3)లోనే రాసేశారు. స్టేషన్లో ఏ రోజు ఇచ్చారు, ఎస్పీకి ఏ రోజు పంపారు అని తేదీలతో అందులో ఉండాలి, రసీదులు జత చేయాలి. ఇంకో తప్పు: స్టేషన్ ఫిర్యాదులో ఇద్దరి పేర్లు, ఎస్పీ దానిలో ఐదుగురు. అలా మారితే అనుమానమొస్తుంది. పోలీసులు ఏం చెబుతారో కూడా మేజిస్ట్రేటు వింటారు.

జవాబు 2:
ఒకటి మర్చిపోకండి, క్రిమినల్ కేసు పెట్టినంత మాత్రాన ఆ దస్తావేజు రద్దు కాదు. రద్దు దావాకు విషయం తెలిసిన రోజు నుంచి 3 ఏళ్లే గడువు. పోలీసుల కోసం ఆగితే ఆ లెక్క ఆగదు.