చెన్నై ఎండల్లో వెజిటబుల్ టార్ట్: క్రస్ట్ అడుగు మెత్తబడకుండా ఎలా?

వేళచ్చేరి_వంటిల్లు:
అందరికీ నమస్తే అండీ. వచ్చే ఆదివారం నెల్లూరు నుంచి మా ఆడపడుచు వాళ్ళు వస్తున్నారు, ఇడ్లీ దోసెలు ఎప్పుడూ ఉండేవే కదా, ఈసారి కూరగాయలతో టార్ట్ (మైదాతో చేసిన గిన్నెలాంటి క్రస్ట్‌లో ఫిల్లింగ్ నింపి బేక్ చేసేది) చేద్దామని ఉంది, స్వీట్ కాదు, కారంగా. ఓటీజీ (చిన్న కరెంటు ఓవెన్) ఉంది, అడుగు ఊడొచ్చే 9 అంగుళాల టిన్ను ఉంది. సమస్య ఏంటంటే చుట్టూ అంచు ఎర్రగా వచ్చేస్తుంది కానీ అడుగు మాత్రం పచ్చిపచ్చిగా ఉండిపోతోంది, పైగా ఈ కత్తిరి ఎండలకి పిండి వత్తుతుంటేనే బటర్ కరిగి కర్రకి అంటుకుపోతోంది. ఫిల్లింగ్‌లోకి బీరకాయ, వంకాయ, టమాటా అనుకుంటున్నా. అత్తయ్య గుడ్డు తినరు, అది కూడా చూసుకోవాలి. ఎవరైనా చేసేవాళ్ళు చెప్పండి ప్లీజ్.

అడయార్_ఓవెన్:
మన ఊరి వేడికి ముందు టైమ్ మార్చండి, పిండి పని పొద్దున్న 5 గంటలకి పెట్టుకోండి, స్టవ్ వెలిగించకముందే అయిపోవాలి. 200 గ్రాముల మైదాకి 100 గ్రాముల బటర్, చిన్న ముక్కలు కోసి మైదాతో పాటు గిన్నె కూడా ఫ్రిజ్‌లో పెట్టెయ్యండి. ఉప్పు బటర్ అయితే వేరే ఉప్పు వద్దు. వేళ్ళ కొసలతోనే నలపండి, అరచెయ్యి తగలకూడదు, అరచేతి వేడికే కరిగిపోతుంది. రవ్వలా అయ్యి అక్కడక్కడ శనగబద్దంత బటర్ ముక్కలు కనిపిస్తుంటే చాలు, ఆ ముక్కల్లో ఉన్న నీళ్ళే ఓవెన్‌లో ఆవిరై పొరలు విడిపోయేలా చేస్తాయి. తర్వాత ఐస్ వాటర్ 3 నుంచి 4 టేబుల్ స్పూన్లు, ముద్ద అయితే ఆపెయ్యాలి. చపాతీ పిండిలా మర్దించారంటే సాగుడు వచ్చి బేక్ అయ్యేటప్పుడు అంచులు కిందికి జారిపోతాయి. గంట ఫ్రిజ్‌లో పెట్టి, రెండు బటర్ పేపర్ల మధ్య వత్తితే కర్రకి అంటుకోదు.

ఇక అడుగు సంగతి. ఫిల్లింగ్ వెయ్యకముందే ఉత్త క్రస్ట్‌ని బేక్ చెయ్యాలండీ, ఇది మాత్రం మానొద్దు. టిన్నులో పరిచాక ఫోర్క్‌తో గుచ్చి, 15 నిమిషాలు ఫ్రీజర్‌లో పెట్టి, పైన బటర్ పేపర్ వేసి అంచుల దాకా రాజ్మానో కాబూలీ శనగలో నింపి 200 డిగ్రీల్లో 15 నుంచి 20 నిమిషాలు. తర్వాత గింజలు తీసేసి మళ్ళీ ఒక 5-7 నిమిషాలు, అడుగు తడి మెరుపు పోయి పొడిగా కనిపించేదాకా. ఆ గింజలు దాచుకోండి, వండుకోవడానికి పనికిరావు గానీ ప్రతిసారీ ఇవే వాడొచ్చు. ఓటీజీలో పైన కింద రెండు రాడ్లూ ఆన్ చేసి బాగా వేడెక్కాక కింది అరలో పెట్టండి.

కూరగాయల నీళ్ళు ఇంకో శత్రువు. మీరు చెప్పినవాటిలో బీరకాయా టమాటా రెండూ నీళ్ళే. బీరకాయ ముక్కలకి ఉప్పు రాసి 20 నిమిషాలాగి గట్టిగా పిండండి, ఎంత నీళ్ళొస్తాయో మీరే చూస్తారు. టమాటాకి గింజలూ గుజ్జూ తీసేసి కండ మాత్రమే వాడండి. వంకాయని ముందే నూనెలో వేయించెయ్యండి.

టీనగర్_నెయ్యి:
బటర్‌తో ఇంత అవస్థ ఎందుకండీ, ఫ్రిజ్‌లో గడ్డకట్టిన నెయ్యి వాడొచ్చు కదా, మా ఇంట్లో అలాగే చేస్తాం, రుచి కూడా మనకి అలవాటైన రుచి.

అడయార్_ఓవెన్:
వాడొచ్చండి, 100 గ్రాముల బటర్ బదులు 80 గ్రాములు చాలు, నెయ్యిలో నీళ్ళుండవు కాబట్టి. కానీ పొరలు రావు, నాన్‌ఖటాయిలా గుల్లగా విరుగుతుంది, ముక్క చేత్తో పట్టుకుని తినాలంటే కష్టం. చుట్టాలకి ప్లేట్లలో పెడతారు కాబట్టి పర్లేదు, నేనైతే బటర్‌కే ఓటేస్తా.

మల్లేశ్వరం_అనంతపురం:
బెంగళూరు నుంచి, మాది అనంతపురం. గుడ్డు లేకుండా అంటే, కూరగాయల మీద పోసే మిశ్రమానికి నా పద్ధతి చెప్తా. 150 గ్రాముల పనీర్ తురుము, గుడ్డలో కట్టి నీళ్ళు కారబెట్టిన గట్టి పెరుగు అరకప్పు, పావు కప్పు పాలు, 2 టేబుల్ స్పూన్ల కార్న్‌ఫ్లోర్, మిరియాల పొడి, పచ్చిమిర్చి. కార్న్‌ఫ్లోర్ మానొద్దు, అది ఉంటేనే పెరుగు విరక్కుండా గట్టిపడుతుంది. ఇది పోసే ముందు కాల్చిన క్రస్ట్ మీద కొంచెం చీజ్ తురుము చల్లండి, తడి లోపలికి దిగకుండా ఆపుతుంది. 180 డిగ్రీల్లో 25-30 నిమిషాలు, మధ్యలో తడితే కొద్దిగా కదలాలి అంతే.

ఇంకో మాట, ఇప్పుడు సీజన్ కాదు గానీ డిసెంబర్ జనవరిలో ఇక్కడ అవరేకాయ కుప్పలు పోసి అమ్ముతారు కదా, మన అనపకాయలే (సొరకాయ కాదు, చిక్కుడు జాతి), గింజలు నానబెట్టి పితికిన పప్పు ఉడికించి, సబ్బసిగె ఆకు (సోయకూర), పచ్చికొబ్బరి, చిన్న ఉల్లిపాయలు కలిపి ఇదే టార్ట్‌లో వేసి చూడండి. పప్పు ఉడికినా నీళ్ళు వదలదు, క్రస్ట్‌కి అంతకంటే నెమ్మదైన ఫిల్లింగ్ నాకు దొరకలేదు. పితకడానికి ఇద్దరు ముగ్గురు కూర్చోవాలి మరి.

వేళచ్చేరి_వంటిల్లు:
అయ్యో ఎంత వివరంగా చెప్పారండీ, చాలా థాంక్స్. పచ్చి పప్పులంటే అత్తయ్యకి ప్రాణం, డిసెంబర్‌లో తప్పకుండా చేస్తా. ఒక్క డౌట్, శనివారం రాత్రే మొత్తం చేసి పెట్టుకోవచ్చా?

అడయార్_ఓవెన్:
మొత్తం వద్దండి, ఈ గాలిలో తేమకి తెల్లారేసరికి మెత్తబడిపోతుంది. ఉత్త క్రస్ట్ కాల్చి పూర్తిగా చల్లారాక గాలి చొరని డబ్బాలో పెట్టండి, వేయించిన కూరలు విడిగా ఫ్రిజ్‌లో. ఆదివారం వాళ్ళు రావడానికి గంటన్నర ముందు నింపి బేక్ చేస్తే సరిపోతుంది. దించాక జాలీ మీద పెట్టి 15 నిమిషాలాగి కొయ్యండి, టిన్నులోనే వదిలేస్తే కింద ఆవిరి పట్టేస్తుంది. మిగిలితే మైక్రోవేవ్‌లో కాదు, మళ్ళీ ఓటీజీలోనే వేడి చెయ్యండి.