అనగారిక ధర్మపాల గొప్ప సంస్కర్తా, సింహళ మతతత్వానికి మూలపురుషుడా?

గోదారోడు:
మొన్న బుద్ధగయ వెళ్ళొచ్చా, అప్పట్నుంచి ఇదే బుర్రలో తిరుగుతోంది. 1891లో సిలోన్ (ఇప్పటి శ్రీలంక) బౌద్ధ ప్రచారకుడు ధర్మపాల కొలంబో నుంచి వచ్చేసరికి అక్కడి బౌద్ధుల గుడి శైవ మహంతు (మఠాధిపతి) చేతిలో ఉంది, ఈయన చూసి తట్టుకోలేక అదే ఏడాది మహాబోధి సొసైటీ పెట్టి, కోర్టుల చుట్టూ తిరిగి, చివరిదాకా దానికే అంకితమైపోయాడు. 1949 చట్టంతో గుడి నడిపే కమిటీలో బౌద్ధులకి చోటొచ్చిందంటే ఆ పునాది ఈయనదే కదా. సారనాథ్‌లో 1931లో తెరిచిన మూలగంధకుటి విహారం కూడా ఈయన చలవే. నా లెక్కలో ఈ కాలపు బౌద్ధంలో ఈయన్ని మించినోడు లేడు, కాదంటే చెప్పండి.

మిరపకాయబజ్జీ:
కాదనట్లేదండీ, సగం కథే చెప్పారంటున్నా. ఇంగ్లీషులో ప్రపంచానికి కరుణ, మైత్రి చెప్పిన మనిషే సింహళంలో ముస్లిం వర్తకుల మీద ఎంత విషం కక్కాడో కూడా చూడండి. 1915లో సిలోన్‌లో ముస్లింల షాపులు దోచారు, తగలబెట్టారు. అంతా ఈయన వల్లే అనను గానీ, ఈ దేశం సింహళ బౌద్ధులదే అని ఊదరగొడితే మిగతావాళ్ళు ఎక్కడికి పోవాలి? తర్వాతి తరాలు పట్టుకుంది ఆ ముక్కనే.

గోదారోడు:
ఆ అల్లర్లప్పుడు ఆయన కలకత్తాలో ఉన్నాడు బాబూ, బ్రిటిష్ వాళ్ళు అక్కడే నిర్బంధించారు. తమ్ముడు ఎడ్మండ్ జాఫ్నా జైల్లో పోయాడు. పుట్టినప్పుడు పేరే డాన్ డేవిడ్ అని దొరల పేరు, చదువు ఎక్కువగా మిషనరీ బడుల్లో, కోపం రాదా మరి?

మిరపకాయబజ్జీ:
కోపం తెల్లోళ్ళ మీద రావాలి, పక్కనున్న కొట్టువాడి మీద కాదు.

పాతపుస్తకాల_పిచ్చి:
మీరిద్దరూ అసలు తమాషా వదిలేశారు. 1898లో ఈయన గృహస్థులకి 200 నియమాలు రాశాడు, అన్నం ఎలా తినాలి, బట్టలెలా కట్టాలి, రోడ్డు మీద ఎలా నడవాలి, అన్నీ. అందులో సగం మర్యాదలు తను తిట్టిన మిషనరీ దొరలవే! 😀 నవ్వొచ్చినా పెద్ద మార్పు అక్కడే ఉంది. అంతకుముందు మతమంటే భిక్షువుల పని, మామూలు ఉపాసకుడు దానం ఇచ్చి దణ్ణం పెట్టుకుంటే చాలు. ఈయన మాత్రం ఇటు సంసారీ కాకుండా అటు భిక్షువూ కాకుండా అనగారికుడిగా తెల్లబట్టల్లో తిరిగి, ధర్మం నీ ఇంటి పని కూడా అన్నాడు. పూర్తి భిక్షువైంది 1933లో, తను చనిపోయిన ఏడాదే.

మిరపకాయబజ్జీ:
ఈ పాయింట్ ఒప్పుకుంటా. 1915 సంగతి మాత్రం వదలను.

గోదారోడు:
వదలకండి. నేను బుద్ధగయ వదలను, గుడి మొత్తం మాకే ఇవ్వాలని బౌద్ధులు ఇప్పటికీ ధర్నాలు చేస్తూనే ఉన్నారు.