బెంగళూరులో ఇగువానాకు ఏ ఆకులు పెట్టాలి?

ప్రశ్న (మల్లేశ్వరం): మా అమ్మాయి ఆకుపచ్చ ఇగువానాను (పెద్ద బల్లి లాంటి సరీసృపం) పెంచుతోంది. అమ్మిన వ్యక్తి బలానికి గుడ్డు, పురుగులు పెట్టమన్నాడు. ఆకులు తినే జీవికి అవెందుకో నాకు మింగుడుపడటం లేదు. రోజూ ఏమి పెట్టాలో చెప్పగలరా?

జవాబు (తాంబరం, చెన్నై): మీ అనుమానం సరైనదేనండీ. ఇగువానా పూర్తి శాకాహారి. గుడ్డు, పురుగులు, కుక్కల ఆహారం ఏవీ వద్దు. జంతు మాంసకృత్తులు ఎక్కువైతే మూత్రపిండాలు దెబ్బతింటాయి.

నాకు మునగాకు మీద గురి. కాల్షియం మెండు, మన ఊళ్లలో ఎక్కడైనా దొరుకుతుంది. దానితో ఆవాకు, మల్బరీ ఆకు, మందార ఆకులు, పూలు మార్చి మార్చి సన్నగా తరిగి పెట్టండి. మందార పువ్వంటే వాటికి ప్రాణం! అయితే మందులు కొట్టని ఇంటి చెట్టువే కోయండి. పైన కాస్త గుమ్మడి తురుము, చిక్కుడు. పాలకూర, తోటకూర రోజూ వద్దు. వాటిలోని ఆక్సలేట్లు అనే పదార్థాలు కాల్షియాన్ని ఒంటబట్టనివ్వవు. ఆహారంలో భాస్వరం కంటే కాల్షియం రెట్టింపు ఉండాలి. బొప్పాయి అప్పుడప్పుడు ఒక ముక్క చాలు.

మరో జవాబు (జయనగర్): ఎండ మరవకండి. అతినీలలోహిత బి కిరణాలు తగలకపోతే డి3 విటమిన్ తయారవదు, తిన్న కాల్షియం వృథా. కిటికీ అద్దం ఆ కిరణాలను ఆపేస్తుంది. దవడ వాచినా, కాళ్లు వణికినా వెంటనే సరీసృపాలు తెలిసిన పశువైద్యుడికి చూపించండి.

ప్రశ్న అడిగినవారు: చాలా ధన్యవాదాలండీ. మునగ రెబ్బలు కాడలతో పెట్టవచ్చా?

తాంబరం నుంచి: ముదురు కాడలు తీసేసి లేత ఆకులే పెట్టండి.