సమస్యాపూరణం: చావకున్నఁ జచ్చు సర్వతనువు

మహేంద్రతనయ (పర్లాకిమిడి, నిర్వహణ):
ఈ వారం సమస్య ఆటవెలదిలో నాలుగో పాదం.

చావకున్నఁ జచ్చు సర్వతనువు

షరతు ఒక్కటే. ఇందులో చావు అంటే ఏ చావో ఒకటి అని సరిపెట్టకూడదు. కణశాస్త్రంలో అపోప్టోసిస్ అంటారే, ఒంటి మేలు కోసం కణం తనను తానే పద్ధతిగా చంపుకోవడం, ఆ చావే కావాలి. క్రితం వారం రాయగడ చెల్లెమ్మ అడిగారు కదా, వాళ్ళ పాప ప్లస్ టూ సైన్సులో ఈ మాట దగ్గర ఆగిపోయిందని. బళ్ళో వినేది ఒడియాలో, పుస్తకం ఇంగ్లీషులో, ఇంట్లో మాట్లాడేది తెలుగులో. మూడు భాషల మధ్య అర్థం జారిపోయిందట. పద్యంలో పెడితే నిలుస్తుందేమో చూద్దాం. వ్యాకరణం నేను చూస్తాను, శాస్త్రం బరంపురం డాక్టరమ్మ చూస్తారు.

"చావకున్న" తరవాత "చచ్చు" అనకుండా "జచ్చు" అన్నానేమని అడగబోయే వాళ్ళకు ముందే చెప్తున్నా. చావకున్నన్ అని ద్రుతం ఉంది, అందుకని సరళం వచ్చింది. యతి చా–స. ఇంక మీ ఇష్టం.

వంశధార (గుణుపురం):
నాదే బోణీ.

వేళ్ళ నడుమ తోలు విడిపోవు గర్భాన
కణము లచట తామె కరిగిపోయి
చేయి కలము పట్టఁ జేసిన దా చావు
చావకున్నఁ జచ్చు సర్వతనువు

పిండంలో చెయ్యి మొదట తెడ్డులా ఉంటుంది. వేళ్ళ మధ్య కణాలు చచ్చిపోతేనే వేళ్ళు విడతాయి. మా స్కూల్లో సైన్సు మాస్టారు చెప్పింది ఇదే.

నాగావళి గట్టు (రాయగడ):
మాస్టారూ, మూడు పాదాలు చదివి చప్పట్లు కొట్టబోయాను, నాలుగోది చదివి ఆగిపోయాను. వేళ్ళ మధ్య తోలు పోకపోతే వేళ్ళు అతుక్కుని ఉంటాయి, అంతే కదా. ఒళ్ళంతా ఎందుకు చస్తుంది? బాతుకు ఆ తోలు జీవితాంతం ఉంటుంది. అది ఈదుతూ హాయిగానే ఉంది.

బరంపురం డాక్టరమ్మ:
చెల్లాయి పట్టుకున్నది అసలు లోపం. విషయం మాత్రం నిజమే. బాతు పిండంలో ఆ చోట కణాల చావు బాగా తక్కువ, అందుకే తోలు మిగులుతుంది. నా అభ్యంతరం "కరిగిపోయి" దగ్గర. అపోప్టోసిస్‌లో కణం కరగదు. ముందు ముడుచుకుంటుంది. కేంద్రకంలో డీఎన్‌ఏ తునకలవుతుంది. పైపొర బుడగలు బుడగలుగా లేచి, కణం మొత్తం చిన్న చిన్న మూటలుగా విడిపోతుంది. ప్రతి మూటకీ పొర చుట్టే ఉంటుంది కాబట్టి లోపలి సరుకు బయటికి ఒలకదు. పొరలో లోపలి వైపు ఉండాల్సిన ఫాస్ఫటిడైల్ సెరీన్ అనే కొవ్వు పదార్థం బయటి వైపుకి తిరుగుతుంది. దాన్ని ఆనవాలుగా పట్టుకుని పక్క కణాలో, చెత్తను మింగే తెల్లకణాలైన మాక్రోఫేజ్‌లో వచ్చి మింగేస్తాయి. వాపు ఉండదు, చీము ఉండదు. చావు జరిగినట్టు పక్కింటికి కూడా తెలియదు.

మహేంద్రతనయ:
అయితే రెండో పాదం "కణము లచట తామె ఖండములయి" అంటే సరి. యతి క–ఖ చెల్లుతుంది. తర్కం మాత్రం మాస్టారే దిద్దుకోవాలి.

మల్కనగిరి మామ:
నాది కూడా చూడండి. గణాలు మూడుసార్లు లెక్కపెట్టి పంపుతున్నా.

పాము కరచె నేని పాద మంతయుఁ గుళ్ళు
కుళ్ళు కణము కోసి కొట్టివేసి
వైద్యు డొకటి చంపి వందలు కాపాడు
చావకున్నఁ జచ్చు సర్వతనువు

మహేంద్రతనయ:
ఛందస్సులో తప్పు పట్టేది లేదు. వై–వ యతి ముచ్చటగా పడింది. ఇంతవరకే నా పని. డాక్టరమ్మా?

బరంపురం డాక్టరమ్మ:
మామయ్యగారూ, ఛందస్సు పాసు, బయాలజీ ఫెయిలు. రక్తపింజర లాంటివి కరిస్తే కండ కుళ్ళుతుంది, నిజమే. ఆ చావు పేరు నెక్రోసిస్. అక్కడ కణం దెబ్బ తిని ఉబ్బి పగిలిపోతుంది. లోపలి ఎంజైములు ఒలికి చుట్టుపక్కల కణాలను కూడా పాడు చేస్తాయి. అందుకే అంత వాపు, నొప్పి. ఇక మూడో పాదంలో చంపేవాడు వైద్యుడు. అపోప్టోసిస్‌లో బయటివాడు కత్తి పట్టడు. బయట నుంచి ఆజ్ఞ రావచ్చు, చంపుకునే పని మాత్రం కణానిదే. పేపర్లో ఎక్కడ "కణాలు చనిపోయాయి" అని కనబడినా అపోప్టోసిస్ అనేసే వాళ్ళు ఎక్కువయ్యారు, మా స్టూడెంట్లు కూడా. కణం చచ్చే దారులు చాలా ఉన్నాయి. ఇది వాటిలో ఒకటి.

ఇంకోటి, పద్యం చదివి ఎవరైనా కాటు దగ్గర బ్లేడు పెట్టేరు. ఇంటి దగ్గర కొయ్యడం, కట్టు బిగించడం, నోటితో పీల్చడం ఏవీ చెయ్యకూడదు. కదలకుండా ఉంచి ఆసుపత్రికి తీసుకుపోవాలి. కుళ్ళిన కండ తీసే పని తరవాత అక్కడ చూసుకుంటారు.

మల్కనగిరి మామ:
సరే తల్లీ, పద్యం వెనక్కి తీసుకుంటున్నా. గణాలు మాత్రం ఇవ్వను.

నాగావళి గట్టు:
పాపా నేనూ కలిసి రాశాం.

ఆకు రాలినపుడె యడవికి చిగురొచ్చు
కణము రాలినపుడె కాయ మెదుగు
రాలు గుణము మరచి రాసులై పెరిగెనా
చావకున్నఁ జచ్చు సర్వతనువు

మహేంద్రతనయ:
చెల్లెమ్మా, "రాలు గుణము మరచి రాసులై" దగ్గర నేను కాసేపు ఆగాను. క్యాన్సర్ మాట ఎక్కడా లేకుండా క్యాన్సర్ వచ్చేసింది. "చిగురొచ్చు" వ్యావహారికం, పద్యంలో పొసగదని కొందరు అంటారు. గిడుగు రామమూర్తి గారు పాఠాలు చెప్పిన ఊళ్ళో కూర్చుని నేను ఆ మాట అనలేను. ఉండనిద్దాం.

బరంపురం డాక్టరమ్మ:
ఆకు ఎందుకు తట్టిందో తెలిసే రాశారా, తెలియక కుదిరిందా? అపోప్టోసిస్ అనే మాట పుట్టుకే అది. 1972లో కెర్, వైలీ, కరీ అనే ముగ్గురు బ్రిటిష్ జర్నల్ ఆఫ్ క్యాన్సర్‌లో ఒక వ్యాసం రాస్తూ ఈ రకం చావుకు పేరు కావాలనుకున్నారు. అబర్డీన్ విశ్వవిద్యాలయంలో గ్రీకు ప్రొఫెసర్ జేమ్స్ కార్మాక్ ఈ మాట అందించారు. చెట్టు నుంచి ఆకులో, పువ్వు నుంచి రేకులో రాలడం అని అర్థం.

అయితే ఒక మెలిక ఉంది. పేరు ఆకు మీద పెట్టారు కానీ ఆకు రాలడం అపోప్టోసిస్ కాదు. ఆకు తొడిమ మొదట్లో ఒక పొర కణాలు విడిపోయి ఆకు ఊడుతుంది, అది వేరే ఏర్పాటు. మొక్కల్లో కూడా పథకం ప్రకారం కణాలు చస్తాయి. కానీ మొక్క కణానికి గట్టి గోడ ఉంటుంది, మూటలు కట్టి పక్కవాడి చేత మింగించడం అక్కడ కుదరదు. దాన్ని ప్రోగ్రామ్డ్ సెల్ డెత్ అంటే ఒప్పు, అపోప్టోసిస్ అంటే తప్పు. ప్రోగ్రామ్డ్ సెల్ డెత్ అనే ఆ పెద్ద మాట 1964లోనే వచ్చింది, పట్టుచిలుకల కండరాలు ఎలా కరిగిపోతాయో చూసిన వాళ్ళు పెట్టారు. పట్టు నేసే ఊళ్ళో ఉన్నాను కదా, ఈ సంగతి చెప్పుకోకుండా ఉండలేను. మీ పద్యంలో ఆకు ఉపమానంగానే ఉంది, రెండో పాదంలో కణం విడిగా వచ్చింది. కాబట్టి పాపకు పూర్తి మార్కులు.

జయపురం కుర్రాడు:
అన్నయ్యగారూ, అపోప్టోసిస్ అనే మాటే పద్యంలో రాకూడదా? ఎవరూ వాడలేదు.

మహేంద్రతనయ:
వాడి చూడు బాబూ. అ లఘువు, పో, ప్టో రెండూ గురువులు. యగణం. సూర్యగణం కాదు, ఇంద్రగణం కాదు. ఆటవెలది గుమ్మంలోకే రానివ్వదు.

జయపురం కుర్రాడు:
పూవు రాలఁ గనుమపోప్టోసిసును నీవు

మహేంద్రతనయ:
ఓహో! కనుము + అపోప్టోసిసు. అకారాన్ని "గనుమ"లో కలిపేసి, పోప్టోసి తగణం చేసి, యతి పూ–పో వేశావు. ఇది అవధానుల బుద్ధి. కాకపోతే ఒక్క పాదం రాసి మిగతావి మాకు వదిలేయడం మాత్రం వాళ్ళ బుద్ధి కాదు.

బరంపురం డాక్టరమ్మ:
ఆ 1972 వ్యాసంలోనే అడుగున చెప్పారు, రెండో ప పలకకూడదని. అంటే అపోటోసిస్. అయినా లోకమంతా రెండు రకాలుగానూ అంటోంది.

మహేంద్రతనయ:
అన్నా అనకపోయినా పో దీర్ఘమే, కాబట్టి గణం మారదు. కుర్రాడు బతికిపోయాడు.

బరంపురం డాక్టరమ్మ:
తప్పులు పట్టడమేనా, నువ్వూ రాయి అని మా ఇంట్లోనే అంటున్నారు. ఇదిగో.

కత్తులున్న వింటఁ గాస్పేజు లనుపేర
గడియ వేసి యుంచుఁ గణము వాని
ఆజ్ఞ వచ్చు వేళ హతమార్పకుండెనా
చావకున్నఁ జచ్చు సర్వతనువు

కాస్పేజులంటే ప్రోటీన్లను కోసే ఎంజైములు. కణంలో ఎప్పుడూ ఉంటాయి, పని చెయ్యని రూపంలో. డీఎన్‌ఏ బాగుచెయ్యలేనంతగా పాడైతే, కణానికి శక్తినిచ్చే మైటోకాండ్రియా నుంచి సైటోక్రోమ్ సి అనే ప్రోటీన్ బయటికి వస్తుంది. దాంతో ముందు కాస్పేజ్ 9 లేస్తుంది, అది కాస్పేజ్ 3ని లేపుతుంది. ఆ తరవాత కోతే. మైటోకాండ్రియా తలుపు తెరుచుకోకుండా పట్టుకునే కాపలాదారు బీసీఎల్-2 అనే ప్రోటీన్. లింఫ్ కణాల క్యాన్సర్లయిన లింఫోమాలు కొన్నిటిలో ఈ కాపలా మితిమీరి ఉంటుంది, చావాల్సిన కణం చావదు. 2016లో అమెరికాలో అనుమతి వచ్చిన వెనెటోక్లాక్స్ అనే మందు ఈ బీసీఎల్-2నే అడ్డుకుంటుంది. కణాన్ని అది నేరుగా పొడవదు. చావుకి ఉన్న అడ్డు తీస్తుంది.

వంశధార:
డాక్టరమ్మా, వివరణ పద్యం కంటే బాగుంది. పద్యం పాఠం చెప్తున్నట్టుంది. "వాని" దగ్గర కూడా ఎవడిని అని వెతుక్కోవాలి. కత్తులు వెనక పాదంలో ఉండిపోయాయి.

జయపురం కుర్రాడు:
నాకో పెద్ద సందేహం. సి. ఎలిగన్స్ అనే చిన్న పురుగు మీద చేసిన పని గురించి చదివాను. దాని ఒంట్లో మొత్తం 1090 దేహకణాలు పుడితే, అందులో సరిగ్గా 131 చస్తాయి, 959 మిగులుతాయి. ఏది ఎప్పుడు చస్తుందో కూడా ముందే ఖాయం. దీనికి 2002లో బ్రెనర్, హార్విట్జ్, సల్‌స్టన్‌లకు నోబెల్ వచ్చింది. అయితే సెడ్-3 అనే జన్యువు పాడైన పురుగులో ఆ కణాలు చావవు. పురుగు మాత్రం చక్కగా బతుకుతుంది! అలాగైతే సమస్యే తప్పు కదా?

మహేంద్రతనయ:
సమస్య సిద్ధాంతం కాదు నాయనా. అసంబద్ధంగా ఉన్నదాన్ని నిలబెట్టే చోటు వెతకడమే పూరణ. నువ్వు నిలబడని చోటు చూపించావు, అదీ మంచిదే. నిలబడే చోటు ఉందా లేదా డాక్టరమ్మ చెప్పాలి.

బరంపురం డాక్టరమ్మ:
మంచి ప్రశ్న. సెడ్-3 అంటే పురుగులో కాస్పేజే. ఎలుకలో కాస్పేజ్ 9 తీసేస్తే కథ వేరు. మెదడులో చావాల్సిన కణాలు చావక మెదడు వికారంగా పెరుగుతుంది, పిల్లల్లో చాలా భాగం పుట్టుక దగ్గరే పోతాయి. కాబట్టి పాదం పురుగు దగ్గర అబద్ధం, ఎలుక దగ్గర నిజం.

మహేంద్రతనయ:
నా పూరణ కూడా పెడుతున్నా. రోగనిరోధక కణాల గురించి డాక్టరమ్మను అడిగి రాసింది.

తనను తానె పొడుచు దళవాయి కణమును
బడిని దాటు మునుపె పట్టి యణచు
థైమసనెడి గురువు దయఁ జూపి విడిచెనా
చావకున్నఁ జచ్చు సర్వతనువు

టీ కణాలు ఎముక మూలుగలో పుట్టి, రొమ్ము ఎముక వెనక ఉండే థైమస్ గ్రంథికి చదువుకి వస్తాయి. సొంత ఒంటినే శత్రువనుకునే వాటిని అక్కడే అపోప్టోసిస్ దారి పట్టిస్తారు. బయటికి వచ్చేవి కొద్ది భాగమే.

బరంపురం డాక్టరమ్మ:
"దయఁ జూపి" అన్న మాటకి నా ఓటు. అక్కడ దయే ద్రోహం. చిన్న సవరణ, అలాంటి కణం తప్పించుకున్నా ప్రతిసారీ ప్రాణం పోదు. బయట కూడా అదుపులో పెట్టే ఏర్పాట్లు ఉన్నాయి. ఆ అదుపు కూడా తప్పితే సొంత కీళ్ళ మీదో థైరాయిడ్ మీదో పడి, ఏళ్ళ తరబడి పీడించే జబ్బులొస్తాయి.

నాగావళి గట్టు:
పాప అంటోంది, పరీక్షలో థైమస్ ప్రశ్న వస్తే ఈ పద్యమే రాసేస్తానని. రాయొద్దని చెప్పాను, దిద్దేవాళ్ళకి తెలుగు రాదు.

వంశధార:
ఎలుక సంగతి వినగానే నా పద్యానికి దారి దొరికింది. సవరించిన పాఠం:

వేళ్ళ నడుమ తోలు విడిపోవు గర్భాన
కణము లచట తామె ఖండములయి
మెదడులోన నట్లె మిగిలెనా కణములు
చావకున్నఁ జచ్చు సర్వతనువు

మహేంద్రతనయ:
ఇప్పుడు నాలుగో పాదానికి కారణం మూడో పాదంలో ఉంది. యతి మె–మి సరి. "నట్లె మిగిలెనా" దగ్గర అన్వయం కాస్త ఇరుకు. మొదటి రెండు పాదాల్లో పోవడం చెప్పి, ఇక్కడ "అట్లే మిగిలితే" అంటే చదివేవాడు ఒక్క క్షణం తడబడతాడు. అయినా ఈ వారానికి రాయగడ వాళ్ళ ఆకు పద్యం, గుణుపురం మాస్టారి సవరణ రెండూ ఎంపిక చేశాను. నాది పోటీలో లేదు.

వచ్చే వారానికి తేటగీతి, చివరి పాదం. పక్క సబ్జెక్టే, ఆటోఫేజీ. ఆకలి వేళ కణం తన లోపలి సరుకునే తాను అరిగించుకుని బతకడం. ఇది ఎలా జరుగుతుందో తేల్చినందుకు 2016లో ఒసుమికి నోబెల్ వచ్చింది.

తన్నుఁ దాఁ దినువాఁడె పో ధన్యజీవి

మల్కనగిరి మామా, ఈసారి పాములొద్దు.