పెళ్లి వీడియోల నుంచి డాక్యుమెంటరీ ఎడిటింగ్‌కి రావాలంటే ఎట్లా?

కృష్ణానగర్_కట్స్: అన్నలూ అక్కలూ, నేను కృష్ణానగర్‌లో పెళ్లి వీడియోలు, యూట్యూబ్ ఇంటర్వ్యూలు ఎడిట్ చేస్తుంటా, ప్రీమియర్ (ఎడిటింగ్ సాఫ్ట్‌వేర్) బాగానే వచ్చు. హైదరాబాద్‌లో లామకాన్ అనే సాంస్కృతిక వేదికలో వేసే డాక్యుమెంటరీలు చూసి చూసి ఇటు రావాలని గట్టిగా అనిపిస్తుంది. స్క్రిప్టే లేకుండా అన్ని గంటల ఫుటేజ్‌లోంచి సినిమా ఎట్లా తీస్తారు? కోర్స్ చేయాల్నా, ఎవరి దగ్గరైనా అసిస్టెంట్‌గా చేరాల్నా? ఇంటికి డబ్బులు పంపాలి, అది కూడా చూస్కోని చెప్పండి.

రషెస్_అక్క: తమ్ముడూ, ఇక్కడ స్క్రిప్టు రాసేది చాలావరకు ఎడిటరే. అమెరికా డాక్యుమెంటరీ డైరెక్టర్ ఫ్రెడరిక్ వైజ్‌మన్ సినిమాల్లో నరేషన్ ఉండదు, కూర్చోబెట్టి తీసిన ఇంటర్వ్యూలు ఉండవు, కథంతా ఎడిటింగ్‌లోనే కుదిరింది. అందుకే రషెస్ (షూట్ చేసిన ముడి ఫుటేజ్) మొత్తం చూడు, స్పీడ్ పెంచకుండా, డైరెక్టర్ పనికిరాదన్నవి కూడా. పోచంపల్లి నేతన్న మీద ఒకటి చేశాను, మీ అబ్బాయి ఈ పని చేస్తాడా అని అడిగితే ఆయన జవాబు చెప్పకుండా తెగిన పోగు అతుకుతూ కూర్చున్నడు, చాలాసేపటికి "వాడు ఉప్పల్‌ల డెలివరీ చేస్తుండు" అన్నడు. యూట్యూబ్ లెక్కన ఆ గ్యాప్ కోసేస్తారు, నేను మొత్తం ఉంచేశా, కింద మగ్గాల చప్పుడు కూడా తగ్గించలేదు. ఇంకోటి, వాళ్ల మాటలు అటు ముక్క ఇటు ముక్క కలిపి వాళ్లనని అర్థం తేవద్దు. నమ్మి కెమెరా ముందు కూర్చున్నారు కదా.

పాత_స్టీన్‌బెక్: కోర్స్ అంటే ఫిల్మ్ ఇన్‌స్టిట్యూట్లు పుణె ఎఫ్‌టీఐఐ, కోల్‌కతా ఎస్ఆర్ఎఫ్‌టీఐలో ఎడిటింగ్ ప్రత్యేకంగా నేర్పుతారు, ఇక్కడ అన్నపూర్ణ కాలేజీ ఉంది. కానీ నీ పరిస్థితికి అసిస్టెంట్‌గా చేరడమే మేలు అంటాను. ప్రాక్సీలు (ఎడిటింగ్ తేలికగా నడవడానికి చిన్న సైజు కాపీలు) చేయడం, సౌండ్ సింక్ చేయడం, ట్రాన్స్‌క్రిప్ట్ రాయడం, మొదట్లో ఇవే పనులు. ముంబై, ఢిల్లీ డైరెక్టర్లు తెలంగాణలో షూట్ చేస్కోని పోతారు, వాళ్లకి పల్లె మాట అర్థమయ్యే అసిస్టెంట్ దొరకడం కష్టం, నీకు అదే పెద్ద బలం. డబ్బుల సంగతంటావా, డాక్యుమెంటరీ ఒక్కదాని మీద ఇల్లు గడవదు, మాలో చాలామంది ఎన్జీవో ఫిల్ములు, కార్పొరేట్ వీడియోలు చేస్తూనే ఉంటాం, కాబట్టి పెళ్లిళ్లు ఇప్పుడే మానకు. వీలైతే ముంబై మిఫ్‌కి (ముంబై ఇంటర్నేషనల్ ఫిల్మ్ ఫెస్టివల్) ఒకసారి పోయిరా, 1990 నుంచి నడుస్తుంది, డాక్యుమెంటరీ వాళ్లు చాలామంది అక్కడ కలుస్తారు.

కృష్ణానగర్_కట్స్: చాలా థాంక్స్. ట్రాన్స్‌క్రిప్ట్ అంటే తెలుగులో రాయాల్నా, ఇంగ్లీషులోనా?

రషెస్_అక్క: రెండూ పక్కపక్కన, ముందు టైమ్‌కోడ్ (ఫుటేజ్‌లో ఆ మాట వచ్చే టైమ్). తెలుగు మాత్రం వాళ్లు పలికినట్టే రాయి, "పోయిన" అంటే "వెళ్ళాను" అని దిద్దకు. ఎక్కడ ఆగిండ్రో, ఎక్కడ నవ్విండ్రో, వెనక ప్రెషర్ కుక్కర్ విజిల్ వచ్చిందో అది కూడా రాస్కో, కట్ ఎక్కడ పెట్టాలో వెతికేటప్పుడు అవే కావాలి. ప్రాక్టీస్‌కి నీ పెళ్లి ఫుటేజ్‌లోంచే, పాట లేకుండా, అప్పగింతలది ఐదు నిమిషాలు కట్ చేసి ఇక్కడ పెట్టు, చూసి చెప్తా. కాకపోతే ముందు ఆ ఇంటివాళ్లని అడిగి పెట్టు.